పాత ఆటకు కొత్త నంబరు ప్లేటు

సూళ్లూరుపేట నుంచి శ్రీహరికోటకు పోయే రోడ్డు దాదాపు 18 కిలోమీటర్లు. రెండువైపులా పులికాట్ సరస్సు. చలికాలంలో వెళ్తే నీళ్లలో బారులు తీరిన ఫ్లెమింగోలు, ఎండాకాలంలో వెళ్తే నెర్రెలిచ్చిన ఉప్పు నేల. మధ్యలో గీత గీసినట్టు తారురోడ్డు. దాని మీద బండి తోలిన కుర్రాడెవడైనా ఏదో ఒక క్షణంలో ‘ఇది అచ్చం గేములా ఉందే’ అనుకునే ఉంటాడు. ఇంటికొచ్చి గేము పెట్టుకుంటే అందులో స్పెయిన్ ఉంటుంది, ఇటలీ ఉంటుంది, జపాన్ ఉంటుంది. ఈ దారిలోని మన అటకానితిప్ప ఉండదు.

ఇలాంటి లోటు తీర్చుకోవడానికి ప్రపంచమంతటా అభిమానులు చేసే పనికి మోడింగ్ అని పేరు. కంపెనీ ఎప్పుడో వదిలేసిన పాత బైకు రేసు గేమును విప్పి, బండి రంగు మార్చి, రైడరు పేరు మార్చి, ఇంజను చప్పుడు మార్చి మళ్లీ బిగించడం. మెకానిక్ షెడ్డులో జరిగే పనే. చేతికి గ్రీజు మాత్రం అంటదు. ఆ షెడ్డులోంచి ఏరుకొచ్చిన కొన్ని విశేషాలివి.

★ నింటెండో కంపెనీ 1984లో తెచ్చిన ‘ఎక్సైట్‌బైక్’ మొత్తం కలిపి 24 కిలోబైట్లు. పొద్దున్నే వాట్సాప్‌లో మేనమామ పంపే గులాబీపువ్వు బొమ్మ అంతకు ఎన్నో రెట్లు ఉంటుంది. ఆ 24 కిలోబైట్లలోనే బైకులు, మిట్టలు, బురద, ఎక్కువ తిప్పితే వేడెక్కి ఆగిపోయే ఇంజను, అన్నిటికీ మించి ఆడేవాడే తన ట్రాకు తాను కట్టుకునే ‘డిజైన్’ అనే విభాగం. గేము విప్పడం అభిమానులు నేర్చుకోకముందే కంపెనీ తాళంచెవి వాళ్ల చేతికిచ్చిందన్నమాట.

ఇందులో ఒక తమాషా ఉంది. కట్టిన ట్రాకును దాచుకోవడానికి ‘సేవ్’, మళ్లీ తెచ్చుకోవడానికి ‘లోడ్’ అని తెర మీద రెండు మాటలు కనిపిస్తాయి. అవి పనిచేయాలంటే పాటల క్యాసెట్టు మీద సమాచారాన్ని రాసే ఒక టేప్ రికార్డరు తగిలించాలి. దాన్ని జపాన్‌లో తప్ప ఎక్కడా అమ్మలేదు. అమెరికాలో గేము కొన్నవాళ్లకు ఆ రెండు మాటలూ గోడ మీద గడియారం బొమ్మలాంటివే. కరెంటు పోతే ట్రాకు గోవిందా.

★ మన ఇళ్లలో చాలావాటికి ఆ గేము నింటెండో పేరుతో రాలేదు. లిటిల్ మాస్టర్ లాంటి పేర్లున్న నకలు మిషన్లతో వచ్చింది. వాటిలో గుచ్చే ప్లాస్టిక్ డబ్బాను మనం ‘క్యాసెట్’ అన్నాం, చేత్తో పట్టుకునేదాన్ని ‘రిమోట్’ అన్నాం. క్యాసెట్ మీద ‘9999999 ఇన్ 1’ అని ఉండేది. కోటికి ఒక్కటి తక్కువ! వేసవి సెలవులన్నీ కూర్చుని లెక్కపెడితే తేలేవి పదో ఇరవయ్యో. మిగతావన్నీ వాటికే పేరు మార్చి, మొదటి లెవల్‌కు బదులు మూడో లెవల్ నుంచి మొదలయ్యేలా చేసినవి. ఊరూ పేరూ తెలియని పనివాడెవడో గేము లోపల ఒకటీ రెండంకెలు మార్చి లెక్క పెంచాడు. అంటే మా తరం ఆడినవి మోడ్‌లే, ఆ మాట మాకప్పుడు తెలియదంతే. మోసమే గానీ చేయి తిరిగిన మోసం.

★ సూళ్లూరుపేట చెంగాళమ్మ గుడికి రాత్రీ పగలూ తలుపులు వేయరు. గేముల కంపెనీలకు అంత ధైర్యం లేదు. సోనీ 1994లో మొదటి ప్లేస్టేషన్ తెచ్చినప్పుడు డిస్కుకు నాలుగక్షరాల తాళం వేసింది. డిస్కు లోపలి అంచున ఉండే సన్నటి గాడిని అటూ ఇటూ వణికించి, ఆ వణుకులో అక్షరాలు రాసింది. అమెరికా డిస్కుకు ఎస్-సీ-ఈ-ఏ, యూరప్‌కు ఎస్-సీ-ఈ-ఈ, జపాన్‌కు ఎస్-సీ-ఈ-ఐ. మామూలు సీడీ రైటరు గేమునంతా నకలు తీయగలదు గానీ, గాడిలోని వణుకును తీయలేదు. నకలు డిస్కు పెడితే మిషను ఇట్టే పట్టేసేది.

‘చిప్ వేయించాలి’ అని అప్పట్లో అనుకునేది దీనికోసమే. ఆ నాలుగక్షరాల్నీ పదేపదే మిషను చెవిలో ఊదే చిన్న ముక్క అది. డిస్కులో ఏమున్నా మిషను ‘ఓహో, మనవాడే’ అనుకునేది. నాలుగక్షరాలు చాలు, బీరువా తెరుచుకునేది.

★ ఆ రోజుల్లో సూళ్లూరుపేట కుర్రాళ్లకు గేముల ఊరంటే నెల్లూరు కాదు, మద్రాసు. లోకల్ ట్రైన్ ఎక్కితే సెంట్రల్లో దిగొచ్చు; అక్కణ్నుంచి బర్మా బజారు ఎంతో దూరం లేదు. అలా తెచ్చుకున్న డిస్కుల్లో కొన్ని ఇంట్లో టీవీ మీద నలుపు తెలుపుల్లో ఆడేవి. టీవీ చెడిపోయిందనుకుని దాని నెత్తిన మొట్టినవాళ్లలో నేనూ ఉన్నాను. పాపం, టీవీ తప్పేం లేదు. మన టీవీలు పాల్ పద్ధతివి, తెరను సెకనుకు 50 సార్లు గీసేవి. అమెరికా గేములు ఎన్‌టీఎస్‌సీ పద్ధతివి, 60 సార్లు గీయమనేవి. రంగులు చెప్పే లెక్క రెండింటికీ వేరు కావడంతో బొమ్మ వచ్చేది, రంగు వచ్చేది కాదు. ఎరుపు డుకాటీ, నీలం యమహా రెండూ బూడిద రంగే.

పాల్ దేశాల కోసం తయారైన గేములు తెచ్చుకుంటే రంగు కుదిరేది గానీ, ఇంకో ఇబ్బంది ఉండేది. 60కి రాసిన గేమును సరిగా సర్దకుండా 50కి దింపితే వేగంలో ఆరోవంతు తగ్గిపోతుంది. పైనా కిందా నల్ల పట్టీలు అదనం. పాత గేములను మళ్లీ 60కి ఎక్కించే మోడ్‌లు ఇప్పటికీ వస్తున్నాయి. చిన్నప్పుడు మనం అంత బాగా ఆడటానికి సగం కారణం గేము నెమ్మదిగా నడవడమేనేమో.

★ ‘రోడ్ ర్యాష్’ కంప్యూటరు సెంటరులో పుట్టిందని మనలో చాలామంది నమ్మకం. అది 1991లో సెగా మిషను మీద పుట్టింది. కంప్యూటరు కోర్సు నేర్చుకోమని ఇంట్లోవాళ్లు ఫీజు కట్టి పంపితే మనం ఆడింది 1996 నాటి కంప్యూటరు రూపం. తొలి గేములోని ఐదు రోడ్లూ కాలిఫోర్నియావే. పక్క బండివాణ్ని తన్నడం అందులో తప్పు కాదు, నైపుణ్యం. 2000లో వచ్చిన ‘జైల్‌బ్రేక్’ తర్వాత కంపెనీ సరికొత్త రోడ్ ర్యాష్ తేలేదు. ఆగలేని అభిమానులు 2013లో చందాలు వేసుకుని ఇంకొకరి చేత ‘రోడ్ రిడెంప్షన్’ అనే గేము చేయించుకున్నారు. అది పూర్తయి చేతికొచ్చేసరికి 2017.

★ 5, 10, 15. నామ్కో కంపెనీ ప్లేస్టేషన్ 2 కోసం చేసిన తొలి మూడు మోటోజీపీ (ప్రపంచ బైకు రేసుల పోటీ) గేముల్లో ట్రాకుల సంఖ్య ఇది. 2000 నాటి మొదటి గేములో ఉన్న ఐదింటిలో జపాన్‌లోని సుజుకా ఒకటి. 2003 ఏప్రిల్‌లో అక్కడి రేసులో దైజిరో కాటో అనే జపాన్ రైడరు ప్రమాదానికి గురై, రెండు వారాల తర్వాత కన్నుమూశాడు. ఆ తర్వాత మోటోజీపీ మళ్లీ సుజుకాకు వెళ్లలేదు. కాటో నంబరు 74ను ఇంకెవరికీ ఇవ్వకుండా పక్కన పెట్టేశారు. 2011లో మలేసియాలో చనిపోయిన మార్కో సిమోన్‌చెల్లీ నంబరు 58, సైకిల్ తొక్కుతుండగా కారు గుద్ది 2017లో చనిపోయిన నికీ హేడెన్ నంబరు 69 కూడా అంతే.

పాత డిస్కులో మాత్రం సుజుకా ఇంకా తెరిచే ఉంది. పాత సీజన్లను తిరిగి కట్టే మోడ్‌లు ఎందుకు చేస్తారని ఎవరైనా అడిగితే నేను చెప్పే జవాబు ఇదే. కొత్త బొమ్మల కోసం చేసేవాళ్లు ఉంటారు, ఉండనీండి. నాకు నచ్చేది పాతదాన్ని తిరిగి కట్టే రకం.

★ ఇప్పుడీ పని ఎక్కువగా నడుస్తున్నది టీవీ ముందు కాదు, ఫోనులో. నామ్కో 2006లో సోనీ చేతిమిషను పీఎస్‌పీ కోసం ఒక మోటోజీపీ చేసింది. స్వీడన్‌కు చెందిన హెన్రిక్ రిద్‌గార్డ్ 2012లో పీపీఎస్ఎస్‌పీపీ అనే ప్రోగ్రాము తెచ్చి, పీఎస్‌పీ గేములను ఆండ్రాయిడ్ ఫోనులో ఆడే దారి వేశాడు. అప్పట్నుంచి, ముఖ్యంగా ఇండొనేషియా కుర్రాళ్లు ఆ పాత గేముకు సీజను సీజనుకూ కొత్త బట్టలు తొడుగుతున్నారు. ఈ ఏడాది ఎవరు ఏ టీములో చేరితే ఆ రంగులు, ఆ నంబరు, ఆ హెల్మెట్. పైకి కొత్త బండి, లోపల నడక 2006దే. మలుపులో వంగడం, బ్రేకు పట్టడం అన్నీ అప్పటి కొలతలే. ట్రాకు మార్చడం అన్నిటికన్నా కష్టం కాబట్టి చాలామంది రంగుల దగ్గరే ఆగిపోతారు. దాన్ని నేను తప్పు పట్టను. ఇల్లు కట్టడం వేరు, సంక్రాంతికి సున్నం వేయడం వేరు. సున్నం వేసినా ఇల్లు కళగానే ఉంటుంది.

★ విప్పడం ఎలా మొదలవుతుందో చెప్తాను. ప్లేస్టేషన్ 2 డిస్కును కంప్యూటరులో పెడితే అందులో ‘సిస్టమ్ డాట్ సీఎన్ఎఫ్’ అని రెండు మూడు వరసల చిన్న ఫైలు కనిపిస్తుంది. అసలు ప్రోగ్రాము పేరేమిటో అది చెప్తుంది. ఇంటికొచ్చిన చుట్టానికి గుమ్మంలో కూర్చున్న తాత దారి చూపినట్టు. అక్కణ్నుంచి అసలు తిప్పలు.

మొదటి తిప్పలు పేర్లతో. గేములో రైడరు పేరుకు ఎన్ని గడులు ఉంటే అన్నే. కొత్త పేరు పొట్టిదైతే మిగిలిన గడుల్లో సున్నాలు నింపొచ్చు. పొడుగుదైతే పక్కనున్న సమాచారాన్ని తొక్కేస్తుంది, గేము మధ్యలో కూలబడుతుంది. మన పొడుగాటి ఇంటిపేర్లన్నీ ఇక్కడ పొడి అక్షరాలైపోతాయి.

మరి తెలుగులోనే రాస్తేనో? ‘సూళ్లూరుపేట’ను ఇంగ్లిషు అక్షరాల్లో రాస్తే 11 గడులు. తెలుగులో యూనికోడ్ లెక్కన విడదీసినా 11 గుర్తులే వస్తాయి. స, కొమ్ముదీర్ఘం, ళ, పొల్లు, ల... ఇలా. అయితే ఇప్పుడు అందరూ వాడే యూటీఎఫ్-8 పద్ధతిలో తెలుగు గుర్తు ఒక్కోదానికి మూడు బైట్లు. 11 కాస్తా 33. పైగా ళకు కింద లావత్తు ఎక్కడ వేలాడాలో పాత గేముకు తెలియదు. దాని దృష్టిలో అక్షరాలంటే వరసగా పేర్చే ఇటుకలు. ఇటుక కింద ఇటుక వేలాడటం అది ఎన్నడూ చూడలేదు. కాబట్టి తెలుగు పేరు కావాలనుకున్నవాడు దాన్ని అక్షరాలుగా కాకుండా బొమ్మగా గీసి బండి పక్కన అంటిస్తాడు. గుంటూరు లారీ వెనక ‘అమ్మ దీవెన’ రాసే పెయింటరు పద్ధతి. అదే సులువు, అదే అందం.

★ ఇక రంగుల సంగతి. ప్లేస్టేషన్ 2 మొత్తం జ్ఞాపకశక్తి 32 మెగాబైట్లు, తెరకు ఎక్కించే బొమ్మలకు వేరుగా 4 మెగాబైట్లు. అందుకని బండి మీద వేసే బొమ్మను సాధారణంగా 256 రంగులకో, 16 రంగులకో కుదిస్తారు. 256 రంగుల్లో అటు 256, ఇటు 256 చుక్కలున్న బొమ్మకు 64 కిలోబైట్లు. 16 రంగులతో సరిపెడితే అందులో సగం. స్పాన్సర్ల గుర్తులతో కిటకిటలాడే కొత్త బైకులను ఈ లెక్కలోకి దించడం ప్రాణాంతకం. మన ఫ్లెమింగోకైతే 16 రంగులు ఎక్కువే: తెలుపు, లేత గులాబీ, ముదురు గులాబీ, ముక్కు కొసకు నలుపు. ఇంకా పన్నెండు మిగుల్తాయి.

★ చప్పుడు. తెలుగునాట బైకు చప్పుడంటే యమహా ఆర్‌ఎక్స్ 100. 1985 నుంచి 1996 దాకా తయారైన 98 సీసీ బండి. దాని రూపాన్ని అచ్చు గుద్దినట్టు గేములో దించిన మోడ్‌లున్నాయి, ముఖ్యంగా బైకు రేసులు కాని ‘జీటీఏ శాన్ ఆండ్రియాస్’ లాంటి వాటిలో. చూస్తే కళ్లు చెమరుస్తాయి, వింటే నవ్వొస్తుంది. ఎందుకంటే రూపం మార్చినవాడు చప్పుడు దగ్గర చాలించుకుని ఉంటాడు.

ఆర్‌ఎక్స్ 100ది టూ స్ట్రోక్ ఇంజను. ఇరుసు తిరిగిన ప్రతిసారీ ఒక పేలుడు. నిమిషానికి 6,000 సార్లు తిరుగుతుంటే సెకనుకు 100 పేలుళ్లు. అదే వేగంలో ఒక సిలిండరున్న ఫోర్ స్ట్రోక్ బండికి రెండుసార్లు తిరిగితే ఒక పేలుడు కాబట్టి సెకనుకు 50. శ్రుతి సగానికి సగం పడిపోతుంది. బుల్లెట్ గొంతుతో ఆర్‌ఎక్స్ 100 మాట్లాడితే ఊరుకుంటామా? సరిగా చేయాలంటే నిజం బండి దగ్గర మైకు పెట్టి, వేర్వేరు వేగాల్లో చిన్నచిన్న ముక్కలు రికార్డు చేసి, అతుకు తెలియకుండా తిప్పాలి. ముక్కలు చిన్నవి కాక తప్పదు. ప్లేస్టేషన్ 2లో శబ్దానికి కేటాయించిన జ్ఞాపకశక్తి 2 మెగాబైట్లు. సీడీ నాణ్యతకు దగ్గర్లో ఉండే, సెకనుకు 44,100 నమూనాల లెక్కన దాని సొంత కుదింపు పద్ధతిలో నింపితే పట్టేది 83 సెకన్లు. ట్రాకు మీది బండ్లన్నిటి మోత, జనం కేకలు, టైర్ల కీచు, అన్నిటికీ కలిపి ఆ 83 సెకన్లే.

★ వెడల్పు టీవీ కోసం పాత గేమును వెడల్పు చేయడం అన్నిటికన్నా పొదుపైన మోడ్. చాలా గేముల్లో తెర నిష్పత్తి 1.3333 అనే ఒక్క అంకెగా ఎక్కడో దాగి ఉంటుంది. దాన్ని వెతికి 1.7778 చేస్తే చాలు. నాలుగు బైట్లు. వెతకడానికి పట్టే రాత్రులు మాత్రం నాలుగు కాదు.

★ మోడ్ చేసినవాడు మొత్తం గేమును పంచితే అది దొంగసరుకు. అందుకని మర్యాదస్తులు మారిన భాగాన్ని మాత్రమే ‘ప్యాచ్’గా పంచుతారు, అసలు గేము ఎవరిది వాళ్లే తెచ్చుకోవాలి. కుట్టుకూలీ తీసుకుని బట్ట నువ్వే తెచ్చుకోమనే దర్జీ పద్ధతి. పాత గేములకు వాడే ఐపీఎస్ అనే ప్యాచ్ పద్ధతిలో ఒక వింత గొయ్యి ఉంది. ఫైలు అయిపోయిందని చెప్పడానికి చివర ఈ-ఓ-ఎఫ్ అనే మూడక్షరాలు రాస్తారు. మార్చాల్సిన చోటు చిరునామా కూడా మూడు బైట్లే. గేములో సరిగ్గా 45,42,278వ చోట మార్పు చేయాల్సి వస్తే ఆ అంకె కంప్యూటరు కంటికి ఈ-ఓ-ఎఫ్ లాగే కనిపిస్తుంది. ‘ఓహో, అయిపోయింది’ అని అక్కడే లేచిపోతుంది. మూడు బైట్ల చిరునామాతో 16 మెగాబైట్లు దాటి పోలేం కూడా. డీవీడీ గేములకు అందుకే ఎక్స్‌డెల్టా లాంటి వేరే పద్ధతులు వాడతారు.

★ పేరు తిరుపతి, ఎక్కించింది తిరుత్తణి బస్సు అన్నట్టుంటుంది ‘టూరిస్ట్ ట్రోఫీ’ వ్యవహారం. ఐల్ ఆఫ్ మాన్ అనే చిన్న దీవిలో మామూలు రోడ్ల మీద జరిగే ప్రఖ్యాత బైకు రేసుకు ఆ పేరు. ఒక్క చుట్టు 60 కిలోమీటర్ల పైచిలుకు, 200కు మించి మలుపులు. కార్ల గేము ‘గ్రాన్ టురిస్మో’ తయారుచేసే పాలిఫనీ డిజిటల్ 2006లో అదే పేరుతో ప్లేస్టేషన్ 2కు బైకుల గేము తెచ్చింది. అందులో ఆ దీవి రోడ్డే లేదు. పందెంలో ఒకేసారి నాలుగు బండ్లకు మించి ఉండవు. అయినా బండి వంగే తీరులో ఆ కాలపు గేముల్లో దాన్ని మించింది లేదనే నా అభిప్రాయం. 60 కిలోమీటర్ల రోడ్డునూ డిస్కులో ఎక్కించింది వేరే చిన్న కంపెనీ, ‘టీటీ సూపర్‌బైక్స్’ పేరుతో.

టూరిస్ట్ ట్రోఫీకి అన్నగారైన గ్రాన్ టురిస్మో 4 వచ్చింది 2004 డిసెంబరులో. అందులో కంపెనీవాళ్లు దాచిన చీట్ కోడ్‌లను మోడింగ్ చేసేవాళ్లు బయటికి లాగింది 2025 జనవరిలో. ఇరవై ఏళ్లు అవి లక్షల ఇళ్లలో, ఎవరికీ తెలియకుండా డిస్కులో కూర్చున్నాయి.

★ సెక్షన్ 52 అని లాయరును అడిగితే ‘ఏ చట్టం?’ అని ఎదురడుగుతాడు. మోటారు వాహనాల చట్టం, 1988లో సెక్షన్ 52 ప్రకారం కంపెనీ ఇచ్చిన బండి వివరాలను సొంతంగా మార్చకూడదు. 2019 సవరణతో వచ్చిన 182-ఎ ప్రకారం ఒక్కో మార్పుకు 5,000 రూపాయల జరిమానా, లేదా ఆరు నెలల దాకా జైలు, లేదా రెండూ. కాపీరైట్ చట్టం, 1957లోనూ ఒక సెక్షన్ 52 ఉంది. న్యాయంగా కొన్న కంప్యూటరు ప్రోగ్రామును దేనికోసం కొన్నావో దానికి వాడుకోవడానికి, లేదా పోకుండా దాచుకోవడానికి నకలు తీసుకోవచ్చంటుంది. అంకె ఒకటే. ఒకటి తలుపు మూస్తే రెండోది కిటికీ తెరుస్తుంది. కిటికీ పెద్దదేమీ కాదు. కాపీరైటును ఉల్లంఘించే ఉద్దేశంతో తాళం పగలగొడితే 2012లో చేర్చిన 65-ఎ కింద రెండేళ్ల దాకా జైలు, జరిమానా.

★ తెలుగువాళ్లు ప్లేస్టేషన్ 2 గేములు ఆడటమే కాదు, చేశారు కూడా. హైదరాబాద్‌లోని అరోనా టెక్నాలజీస్ తయారుచేసిన ‘హనుమాన్: బాయ్ వారియర్’ 2009లో వచ్చింది. పూర్తిగా మన దేశంలో తయారైన తొలి ప్లేస్టేషన్ 2 గేము అదే. దేవుణ్ని బటన్లతో ఆడించడమేమిటని కొందరు అభ్యంతరం చెప్పారు కూడా. అదే ఏడాది హైదరాబాద్‌లోనే గేమ్‌శాస్త్ర సంస్థ ‘దేశీ అడ్డా’ చేసింది. కబడ్డీ, గాలిపటాలు లాంటి మన ఆటలతో. బైకు రేసు మాత్రం నా కంటపడలేదు.

★ మరి తెలుగు కుర్రాళ్ల మోడింగ్ చేయి ఎక్కడ కనిపిస్తుంది? బైకుల్లో కన్నా బస్సుల్లో! 2017లో వచ్చిన ‘బస్ సిమ్యులేటర్ ఇండొనేషియా’ ఫోను గేములో బస్సుకు నచ్చిన రంగు వేసుకోవచ్చు, కొత్త వాహనాలు కూడా చేర్చుకోవచ్చు. ఇంకేం, ఆర్టీసీ దిగిపోయింది. సూపర్ లగ్జరీ, గరుడ, అమరావతి రంగులన్నీ తయారు. జకార్తా రోడ్డు మీద ఏపీఎస్‌ఆర్‌టీసీ బస్సు హారన్ కొట్టుకుంటూ పోతుంటే చూడటానికి రెండు కళ్లూ చాలవు. కంపెనీ తలుపు తెరిచి పెడితే జనం లోపలికి ఏం తెచ్చుకుంటారో దీన్నిబట్టి తెలుస్తుంది: ఫెరారీ కాదు, తమ ఊరి బస్సు.

★ భారతదేశంలో మోటోజీపీ జరిగింది ఒక్కసారే, 2023 సెప్టెంబరు 24న, గ్రేటర్ నోయిడాలోని బుద్ధ్ సర్క్యూట్‌లో. ఇటలీ రైడరు మార్కో బెజెక్కీ గెలిచాడు. ఆ ఏటి అధికారిక గేములో మన ట్రాకు ఉంది. 2024 రేసు రద్దయింది. అంతకు చాలాముందే, 2011 నుంచి మహీంద్రా టీము ప్రపంచ రేసుల్లో చిన్న తరగతిలో పోటీ చేసింది. 2016లో నెదర్లాండ్స్‌లోని అసెన్‌లో ఆ బండికి తొలి గెలుపు తెచ్చిన కుర్రాడు ఫ్రాన్సెస్కో బన్యాయా. తర్వాత అతనే మోటోజీపీ ప్రపంచ విజేత అయ్యాడు.

★ సూళ్లూరుపేట నుంచి మద్రాసు రోడ్డు పట్టి పోతే రెడ్ హిల్స్ రాకముందే షోళవరం వస్తుంది. రెండో ప్రపంచయుద్ధం నాటి విమానాల రన్‌వే అక్కడ ఉంది. 1953లో ఏర్పడిన మద్రాస్ మోటార్ స్పోర్ట్స్ క్లబ్ దశాబ్దాల పాటు దాని మీదే కార్లనూ బైకులనూ పరుగెత్తించింది. 1990లో ఇరుంగాట్టుకోట్టైలో సొంత ట్రాకు వచ్చాక సందడి అటు మారింది. ట్రాకు మోడ్ మొదటిసారి చేయబోయేవాడికి నేనిచ్చే సలహా షోళవరమే. రన్‌వే కాబట్టి ఎత్తుపల్లాలు లేవు. మోడింగ్‌లో సగం కష్టం ఎత్తుపల్లాలదే.

శ్రీహరికోట రోడ్డు కూడా చదునే గదా అంటారేమో. గంటకు 300 కిలోమీటర్ల మోటోజీపీ వేగంతో పోతే ఆ 18 కిలోమీటర్లూ 3 నిమిషాల 36 సెకన్లు. ఆ మూడున్నర నిమిషాలూ బొటనవేలు ఒక్క బటన్ మీద నొక్కిపట్టి ఉంచాలి. బాగుండదు. ఆ రోడ్డు మెల్లగా వెళ్లడానికి బాగుంటుంది, గేముకు పనికిరాదు. కావాలంటే మధ్యలో గేదెల్ని వదలండి.

★ నంబరు ప్లేటు సంగతితో ముగిస్తాను. సూళ్లూరుపేట బండ్లకు నెల్లూరు జిల్లా గుర్తుగా ఏపీ 26 ఉండేది. 2019 నుంచి రాష్ట్రమంతటికీ ఒకటే ఏపీ 39 మొదలైంది. 2022 ఏప్రిల్ 4న ఊరు తిరుపతి జిల్లాలోకి వచ్చింది. మీరు చేసే మోడ్‌లో బండికి ఏ నంబరు వేయాలన్నది మీ ఇష్టం. నేనైతే 26 వేస్తాను. ఏది వేసినా ముందు ఒక్క పని చేయండి. అటక మీది ప్లేస్టేషన్ 2 దించి, దాని 8 మెగాబైట్ల మెమరీ కార్డుకు నకలు తీసిపెట్టుకోండి. మీ అన్నయ్య పదో తరగతి సెలవుల్లో గెలిచిన కప్పులన్నీ అందులోనే ఉన్నాయి.